విద్యుత్తీగలు - రైతు భూమి - పూర్ణపరిహారము

(ఒక పఠనమందిరమునందు న్యాయవాది యొకరు చేసిన ఉపన్యాసము)



మన చేలమీదుగా పోవు విద్యుత్తీగలను గూర్చియు, ఆ తీగల క్రింద నున్న భూమికి హక్కుదారులైన రైతులకు శాసనము ఇచ్చిన పరిహారపు హక్కును గూర్చియు ఈ సాయంకాలము మీకు కొన్ని మాటలు విన్నవింపదలచినాను. ఇది చూచుటకు చిన్న విషయము. సభలలో దీనిని గూర్చి తీర్మానములు చేయువారు అరుదు. కాని రెండెకరముల చేను తప్ప వేరొక ఆధారము లేని కుటుంబమునకు ఇది చిన్న విషయము కాదు. పట్టణమున నున్న మనకు తీగ యనగా దీపము. ఆ రైతునకు తీగ యనగా తన నేలపై ఎన్నటికిని తొలగని భారము. దీపమును అనుభవించుచున్న మనము ఆ భారమును మోయుచున్నవాని సంగతి తెలిసికొనవలదా? అందులకే ఈ విషయమును పఠనమందిరమునకు తెచ్చినాను.

మొదటనే ఒక మాట స్పష్టము చేయవలెను. నేను విద్యుత్తునకు విరోధిని కాను. తీగలు వేయరాదని చెప్పుటకును రాలేదు. 1955లో మాచ్‌ఖండ్ జలపాతపు విద్యుత్తు వచ్చిన నాటినుండి మన జిల్లాలలో మోటారు తిరిగినను, మిల్లు ఆడినను, బడిలో దీపము వెలిగినను, అది తీగలమీదుగా వచ్చిన విద్యుత్తు వలననే కదా! కర్నూలు ప్రాంతమున 2017లో వేయి మెగావాట్ల సూర్యవిద్యుత్కేంద్రము సిద్ధమైనది. అట్టి కేంద్రములు పుట్టించు శక్తిని దూరదేశములకు చేర్చుటకు తీగలు కావలెను. తీగలకు స్తంభములు కావలెను. స్తంభములు నిలచుటకు నేల కావలెను. ఆ నేల ఎవరిదో ఒకరిది కాక తప్పదు. తీగ రావలెనా వద్దా యనునది నేటి ప్రశ్న కాదు. లోకమున కందరకును మేలు కలుగుచుండగా, ఆ మేలునకై కలిగిన నష్టమును ఒక్కడే యెందుకు భరింపవలెను? ఇదియే నా ప్రశ్న.

ఆ నష్టమెట్టిదో ముందుగా చూతము. పెద్ద స్తంభమునకు, మన పల్లెలలో టవరు అనుదానికి, నాలుగు కాళ్లుండును. ఆ నాలుగు కాళ్ల నడుమ నున్న నేల పట్టాలో రైతుదే యైనను సాగునకు పనికిరాదు. నాగలి తిరుగదు, ట్రాక్టరు మలుపు తిరుగదు. కాళ్లకు దాపున నున్న నేలయు సగము పాడగును. ఇక తీగల క్రింది నేల. అక్కడ వరి వేసికొనవచ్చును, వేరుసెనగ వేసికొనవచ్చును. కాని కొబ్బరి, మామిడి, టేకు వంటి పొడవైన చెట్లు పెంచుటకు వీలులేదు. ఇల్లు కట్టుటకు వీలులేదు. బోరు వేయు యంత్రమును పెద్ద తీగల క్రింద నిలువబెట్టుట ప్రాణములతో చెలగాటము. 132 కిలోవోల్టుల తీగకు 27 మీటర్లు, 220 కిలోవోల్టుల తీగకు 35 మీటర్లు వెడల్పుగల దారి ఉండవలెనని విద్యుచ్ఛాఖవారు పాటించుచున్న కొలత. సన్నని చేను గలవానికి ముప్పదియైదు మీటర్లనగా ఒక్కొక్కప్పుడు చేను యావత్తును.

అడంగలులో విస్తీర్ణము తగ్గదు. పట్టాదారు పాసుపుస్తకములో ఒక్క సెంటయినను తగ్గదు. శిస్తు లెక్కలో మార్పులేదు. కాని కొనువాడు వచ్చినపుడు ముందుగా తలయెత్తి ఆకాశము చూచును. పిదప ధర చెప్పును. కుమార్తె వివాహమునకో, కుమారుని చదువునకో ఆ చేను అమ్మదలచిన తండ్రికి ఆనాడు తెలియును, కాగితము మీద తగ్గని భూమి బజారులో ఎంత తగ్గినదో. పట్టణపు టంచున నున్న భూమియైనచో చెప్పనే అక్కరలేదు. ఇండ్లస్థలములకు పనికివచ్చు నేల పచ్చగడ్డికి మాత్రమే మిగులును.

ఈ నష్టమునకు శాసనమేమి చెప్పుచున్నది? ఇందులో ఒక విచిత్రమైన చరిత్ర కలదు. నేడు మన పొలములమీదుగా వేల వోల్టుల తీగలు లాగుటకు సంస్థలు ఆధారము చేసికొను అధికారము విద్యుత్తును గూర్చి పుట్టినది కాదు. అది 1885 సంవత్సరపు భారత టెలిగ్రాఫు చట్టమునుండి వచ్చినది. ఆనాటి పరాయి ప్రభుత్వమువారికి తంతివార్తలు కావలసివచ్చినవి. వారు సన్నని తంతిని కొయ్య కంబములమీద లాగుటకై ఎవరి భూమిలోనైనను ప్రవేశించు అధికారమును ఆ చట్టపు 10వ సెక్షనులో వ్రాసికొనిరి. 1910 నాటి విద్యుచ్చట్టము 51వ సెక్షను ద్వారమున ఆ తంతి అధికారమును విద్యుత్తీగలకు ఎరువిచ్చినది. 1948 నాటి విద్యుత్ సరఫరా చట్టము దానిని విద్యుద్బోర్డులకు అందించినది. 2003 నాటి విద్యుచ్చట్టము 164వ సెక్షనులో మరల అదే ఏర్పాటు చేసినది: ప్రభుత్వము ఉత్తరువిచ్చినచో, విద్యుత్సంస్థకు టెలిగ్రాఫు అధికారికి గల అధికారములన్నియు సంక్రమించును. 2013 జూలైలో మన దేశమున తంతివార్తలు ఆగిపోయినవి. 2023లో టెలికమ్యూనికేషన్ల చట్టము చేసినపుడు పాత టెలిగ్రాఫు చట్టమును రద్దుచేయ నిశ్చయించిరి. కాని విద్యుత్తీగల విషయమున దాని మూడవ భాగము చెల్లుచునే యుండునని ఆ క్రొత్త చట్టములోనే వ్రాసిరి. తంతి పోయినది, తంతి అధికారము మన చేలమీద నిలచియున్నది.

సన్నని తంతికై చేసిన ఏర్పాటు ముప్పదియైదు మీటర్ల దారికి సరిపోవునా యని మీరడుగవచ్చును. సరిపోదనియే నా అభిప్రాయము. తంతి క్రింద చెట్టు పెరుగుటకు అడ్డములేదు. ఇల్లు కట్టుటకు ప్రాణభయము లేదు. నష్టము అల్పమైనపుడు పుట్టిన అధికారమును నష్టము అనేకరెట్లు పెరిగినపుడును అట్లే వాడుచున్నారు. అయినను అదే 10వ సెక్షనులో రైతునకు అనుకూలముగా మూడు మాటలు కలవు. వానిని ప్రతి రైతును కంఠస్థము చేయవలెను.

మొదటిది: తీగ వేసిన సంస్థకు భూమిమీద వినియోగపు హక్కు తప్ప వేరు హక్కు సంక్రమింపదు. అనగా టవరు నిలచిన నేలకూడ రైతుదే. ఎవడైనను కాగితము తెచ్చి, ఇది టవరు స్థలమును సంస్థకు ఇచ్చివేయు పత్రము, సంతకము చేయుమనిన యెడల చేయవలసిన అవసరము లేదు. రెండవది: అధికారమును వినియోగించునపుడు సాధ్యమైనంత తక్కువ నష్టము కలుగునట్లు చేయవలెను. కోతకు పదిదినములున్న పైరును యంత్రములతో త్రొక్కించుట ఈ మాటకు విరుద్ధము. మూడవది: ఆ అధికారమును వినియోగించుటవలన కలిగిన నష్టమునకు, ఆ భూమియందు ఆసక్తిగల వారందరకును పూర్ణపరిహారము చెల్లింపవలెను.

సోదరులారా! పూర్ణపరిహారము అను ఆ మాటను గమనింపుడు. దయతో నిచ్చు సహాయమని వ్రాయలేదు. తోచినంత యనలేదు. పైరునకు మాత్రమే యనలేదు. ఏ మేరకు నష్టమో ఆ మేరకు పూర్ణముగా అని వ్రాసినారు. మన మేలు కోరి రాజ్యము చేయని పరాయి ప్రభుత్వము 1885లో వ్రాసిన మాట ఇది. స్వరాజ్యము వచ్చిన పిదప ఆ మాటకు అర్థము పెరుగవలెనే గాని తరుగరాదు. కాని చాల సంవత్సరములు మన దేశమున జరిగినదేమి? చాలచోట్ల త్రొక్కిన పైరునకింత, కొట్టిన చెట్టునకింత అని లెక్కకట్టి, భూమి విలువలో కలిగిన తరుగుదలను గూర్చి మౌనము వహించిరి. భూమి నీదే కదా, ఇంకేమి నష్టమని ఎదురు ప్రశ్నించిరి.

రైతు ఒప్పుకొననిచో తీగను ఆపవచ్చునా? ఈ విషయమున ప్రజలలో భ్రమ హెచ్చుగా నున్నది; దానిని తొలగించుట న్యాయవాదిగా నా విధి. 164వ సెక్షను క్రింద ప్రభుత్వపు టుత్తరువు పొందిన సంస్థకు భూయజమాని ముందస్తు సమ్మతి అవసరము లేదని 2016లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఎవరైనను అడ్డగించిన యెడల సంస్థ జిల్లా మేజిస్ట్రేటు, అనగా కలెక్టరు, వద్దకు పోయి 16వ సెక్షను క్రింద ఉత్తరువు తెచ్చుకొనవచ్చును. ఆ ఉత్తరువు వచ్చిన పిమ్మట గూడ అడ్డగించుట శిక్షార్హమైన నేరము. కావున యంత్రములకు ఎదురుగా పడుకొనుటవలన తీగ ఆగదు. పేదవానిమీద కేసు మాత్రము వచ్చును. కలెక్టరు ఎదుట విచారణ జరుగునప్పుడే పోయి, దారి మార్చుటకు వీలున్నదేమో, టవరును చేని నడుమనుండి గట్టుమీదికి జరుపవచ్చునేమో వ్రాతపూర్వకముగా అడుగుట వివేకము.

ఆ ఉత్తరువు లేని సంస్థల విషయము వేరు. వానికి 2003 చట్టపు 67వ సెక్షనును, 2006లో కేంద్ర ప్రభుత్వము చేసిన లైసెన్సీల పనుల నియమములును వర్తించును. ఆ నియమముల ప్రకారము యజమానియొక్కగాని, అనుభవదారునియొక్కగాని ముందస్తు సమ్మతి కావలెను. వారు ఆక్షేపించిన యెడల కలెక్టరుగాని పోలీసు కమిషనరుగాని విచారించి అనుమతింపవలెను. అనుమతించునపుడు పరిహారమునో, సాలుసరి అద్దెనో, రెండింటినో నిర్ణయింపవలెను. ఆ నిర్ణయము విద్యుత్తు నియంత్రణ కమిషను పరిశీలనకు లోబడియుండును. సాలుసరి అద్దె అను మాటను మరువకుడు. తీగ ఏటేట నుండును గనుక నష్టపరిహారముకూడ ఏటేట నుండవచ్చునని మన నియమములే ఒప్పుకొనుచున్నవి. కావున పొలములోనికి మనుష్యులు కొలతగొలుసులతో వచ్చిననాడు రైతు అడుగవలసిన మొదటి ప్రశ్న ఇది: అయ్యా, మీకు 164వ సెక్షను ఉత్తరువు ఉన్నదా? ఉన్నచో దాని ప్రతి చూపుడు.

సమ్మతి అవసరము లేదన్న తీర్పును బట్టియే నేను చెప్పునదేమనగా, వలదనుటకు హక్కు లేనివానికి మిగిలిన ఏకైక రక్షణ పూర్ణపరిహారమే. ఆ రక్షణను గూడ సగముచేసిన యెడల వానికి మిగులునదేమి? మన రాజ్యాంగపు 300-ఎ అధికరణము, శాసనబలము లేనిదే ఎవ్వరి ఆస్తిని హరింపరాదని చెప్పుచున్నది. శాసనము పూర్ణముగా నిమ్మనినపుడు సగమిచ్చి పని నడుపుట ఆ శాసనమునే ధిక్కరించుట కాదా?

పూర్ణపరిహారమును కొలుచుటెట్లు? ఇందునుగూర్చి 2007లో కేరళ విద్యుద్బోర్డు వ్యాజ్యమున సుప్రీంకోర్టు చెప్పిన తీర్పు మనకు దారిచూపుచున్నది. అన్ని భూములకు ఒకే కొలబద్ద పనికిరాదని వారనిరి. భూమి ఎక్కడ నున్నది, పెద్ద తీగ ఎంత దూరములో పోవుచున్నది, ఎంత మేర భూమి మీదుగా పోవుచున్నది, చిన్న భూభాగముమీదుగా పోవుచున్నదా, నట్టనడుమనుండి పోవుచున్నదా, ఇవి యన్నియు చూడవలెననిరి. తీగవలన యజమాని తన భూమిని ఏ పనికై ఉద్దేశించినాడో ఆ పనికి వాడుకొను హక్కునే కోల్పోవచ్చునని గుర్తించిరి. భూమి విలువ తరుగుదల కూడ నష్టమే యని దీనివలన తేలుచున్నది. చెట్టుకు ధర కట్టి ఇంటికి పొమ్మనుటకు ఇక వీలులేదు.

ఆ పిదప కేంద్ర విద్యుచ్ఛాఖవారు మార్గదర్శక సూత్రములు ప్రకటించిరి. 2015 అక్టోబరులో, 66 కిలోవోల్టులు మొదలుకొని పైనున్న తీగలకు, టవరు కాళ్లనడుమ నేలకు దాని విలువలో నూటికి 85 వంతులును, తీగల క్రింది దారికి నూటికి 15 వంతులకు మించకుండను ఇమ్మనిరి. టవరు నేల యావత్తు పాడగుచుండగా 85 వంతులేల యని అడిగినవారికి సమాధానము లేకపోయినది. 2024 జూనులో ఆ సూత్రములను సవరించి, టవరు నేలకు విలువకు రెండింతలును, తీగల దారికి నూటికి 30 వంతులును చేసిరి. టవరు నేలను కొలుచునపుడు నలువైపుల ఒక్కొక్క మీటరు కలుపుమనిరి. 2025 మార్చిలో మరల అనుబంధ సూత్రములు వెలువరించి, తీగల దారికి మహానగరములలోను నగరపాలక సంస్థలలోను నూటికి 60, పురపాలక సంఘములలోను నగర పంచాయతీలలోను 45, పల్లెలలో 30 వంతులుగా నిర్ణయించిరి. బజారు ధరను తేల్చుటకు జిల్లా అధికారి, భూయజమానుల ప్రతినిధి, తీగలు వేయు సంస్థ ప్రతినిధి కలసిన సంఘమును ఏర్పరచుమనిరి. ఇది మేలైన మార్పే. దీనిని మెచ్చుకొనవలెను.

అంకెలతో చూచినచో సంగతి తేటపడును. ఊహకొరకు పల్లెలో ఒక రైతు చేనిమీదుగా 220 కిలోవోల్టుల తీగ 60 మీటర్లు పోవుచున్నదనుకొందము. వెడల్పు 35 మీటర్లు. 60ని 35చేత హెచ్చించిన 2,100 చదరపు మీటర్లు. మన లెక్కలో సుమారు 52 సెంట్లు. సబ్‌రిజిస్ట్రారు కచ్చేరీలో ఎకరము విలువ 20 లక్షలని వ్రాసియున్నచో 52 సెంట్ల విలువ 10,40,000 రూపాయలు. 2015 సూత్రము ప్రకారము ఎంత యెక్కువైనను 1,56,000 రూపాయలు. 2024 సూత్రము ప్రకారము 3,12,000 రూపాయలు. ఇప్పుడు ఆ యూరిలో నిజమైన బజారు ధర ఎకరము 40 లక్షలని అనుకొనుడు. అదే నూటికి 30 వంతులు 6,24,000 రూపాయలగును. శాతము మారలేదు, భూమి మారలేదు, మొత్తము మాత్రము రెండింతలైనది. కావున వంతును గూర్చి వాదించువారు మూలధరను గూర్చి రెట్టింపుగా వాదింపవలెను.

పొరుగు రైతు చేనిలో టవరు నిలచినదనుకొందము. కాళ్ల నడుమ పది మీటర్ల చదరము. నలువైపుల మీటరు కలిపిన పండ్రెండు మీటర్ల చదరము. అది 144 చదరపు మీటర్లు, సుమారు మూడున్నర సెంట్లు. ఎకరము 20 లక్షల లెక్కను విలువ 70,000. రెండింతలు 1,40,000 రూపాయలు. 2015 లెక్కను రెండున్నర సెంట్లకు 42,500 మాత్రమే వచ్చెడివి. పదేండ్ల క్రిందటి టవరుకును నేటి టవరుకును ఇనుములో భేదము లేదు. న్యాయమును గూర్చిన మన తెలివిలో మాత్రము భేదము వచ్చినది.

ఇక్కడ రెండు సంగతులు గుర్తుంచుకొనవలెను. రాష్ట్రములోపలి తీగల విషయమున రాష్ట్ర ప్రభుత్వములు తమ సూత్రములు తామే ఏర్పరచుకొనవచ్చును. కావున మీ తీగ ఏ సంస్థది, ఏ ఉత్తరువు ప్రకారము లెక్క కట్టినారు అని వ్రాతమూలముగా అడిగి తెలిసికొనవలెను. 2005 నాటి సమాచారహక్కు చట్టము అందులకే యున్నది. రెండవది మరింత ముఖ్యము. మార్గదర్శక సూత్రము శాసనము కాదు. శాసనము పూర్ణపరిహార మన్నది. సూత్రము ఒక వంతు చెప్పినది. ఆ వంతు నష్టమునకు చాలనిచోట సూత్రము శాసనమును తగ్గింపజాలదు. నూటికి 30 వంతులు పునాదిరాయి కావచ్చును గాని ఇంటికప్పు కారాదు. చేని నట్టనడుమ తీగ పోయి విలువ సగము పడిపోయినచో, సగము అడుగుటకు రైతునకు హక్కు కలదనియే నా వాదము. 2007 తీర్పు నాకు తోడు.

అడుగవలసిన చోటు ఏది? పరిహారము చాలలేదని వివాదము వచ్చినపుడు 16వ సెక్షను మూడవ ఉపవిభాగము ప్రకారము జిల్లా న్యాయాధిపతికి దరఖాస్తు పెట్టుకొనవలెను. వారి నిర్ణయమే ఆ చట్టము క్రింద తుదినిర్ణయము. అయితే కాలపరిమితి యొకటి కలదు. ఇట్టి దరఖాస్తులకు మూడేండ్ల గడువు వర్తించునని 1976లోనే సుప్రీంకోర్టు నిర్ణయించినది. మూడేండ్లు! మన రైతు మొదటి ఏడు గుమాస్తా చెప్పిన మాట నమ్మి గడపును. రెండవ ఏడు కచ్చేరీ చుట్టు తిరుగును. మూడవ ఏడు పెద్దమనుష్యులను ఆశ్రయించును. నాలుగవ ఏట వకీలు వద్దకు వచ్చును. చేతులు కాలిన తరువాత ఆకులు పట్టుకొని ఏమి లాభము? నోటిమాటను నమ్మి గడువు దాటిపోనిచ్చుటకన్న పెద్దనష్టము వేరొకటి లేదు.

కావున మొదటిదినము నుండియే సాక్ష్యము కూర్చుకొనవలెను. పనివారు రాకముందే చేనిని, చెట్లను, పైరును ఛాయాచిత్రములు తీయించుడు. చెట్ల సంఖ్య, వయస్సు, కాపు వ్రాయించుడు. తీగకు ముందున్న చెట్టునకు పరిహారమున్నది గాని తరువాత నాటినదానికి లేదని 18వ సెక్షను వలన తెలియుచున్నది. అడంగలు ప్రతులు, సర్వేయరు పటము, టవరు సంఖ్య, పని జరిగిన తేదీలు, ఇరుగుపొరుగు భూముల విక్రయపత్రముల నకళ్లు దాచుకొనుడు. పంచనామా వ్రాసినచో చదివించుకొని, నకలు తీసికొనిన పిమ్మటనే సంతకము చేయుడు. చెక్కు ఇచ్చునపుడు పూర్తిగా తృప్తిపడినానను రసీదు ముందుంచుట కలదు. సొమ్ము వదులుకొన నక్కరలేదు. తక్కువ యని ఆక్షేపించుచు పుచ్చుకొనుచున్నానని ఒక్క పంక్తి వ్రాసిన చాలును. ఆ పంక్తి రేపు న్యాయస్థానమున వేయి మాటల పెట్టు.

ఇక కౌలుదారు సంగతి. శాసనము యజమానికి మాత్రమే యనలేదు. ఆసక్తిగల వారందరకు నన్నది. చేనిలో పైరు కౌలుదారుదైనపుడు పైరు నష్టము వానికే చేరవలెను. భూమి విలువ తరుగుదల యజమానిది. ఎవరికెంత యను తగవు వచ్చినచో సంస్థ ఆ సొమ్మును న్యాయస్థానమున జమచేయవచ్చును; న్యాయాధిపతి పంచిపెట్టును. ఆంధ్రప్రదేశమున 2019లో వచ్చిన పంటసాగుదారుల హక్కుల చట్టము క్రింద సాగుపత్రము పొందిన కౌలుదారునకు తన సాగును రుజువుచేసికొనుట సులభము. పట్నములో నుండు భూస్వామి చెక్కు పుచ్చుకొని, చెమటోడ్చినవాడు చేతులు ముడుచుకొని నిలుచుట పరిహారము కాదు; అది మరియొక అన్యాయము.

మరియొక హక్కు కూడ కలదు. దానిని ఎరిగినవారు తక్కువ. తీగ వేసిన చాలకాలమునకు రైతు ఆ స్థలములో ఇల్లు కట్టదలచినను, వేరు పనికి వాడదలచినను, తీగను ప్రక్కకు జరుపుమనిగాని ఎత్తుచేయుమనిగాని 17వ సెక్షను ప్రకారము కోరవచ్చును. పూర్వము పరిహారము పుచ్చుకొని యున్నచో, జరుపుటకగు ఖర్చునుగాని, పుచ్చుకొన్న పరిహారములో సగమునుగాని, రెండింటిలో ఏది తక్కువో అది ముందుగా చెల్లింపవలెను. సంస్థ వినకున్నచో కలెక్టరు నాశ్రయింపవచ్చును. పెద్ద తీగల విషయమున ఇది కష్టసాధ్యమే. ఊరి ప్రక్కనున్న చిన్న తీగల విషయమున ప్రయత్నించి చూడదగినది.

దీనికి ఆక్షేపణ చెప్పువారు రెండు మాటలందురు. పరిహారము పెరిగినచో విద్యుత్తు ధర పెరుగునందురు. పెరిగిన పెరుగుగాక! ఆ ఖర్చు లక్షలాది వినియోగదారులమీద పడినపుడు ఒక్కొక్కరికి పైసలలో తేలును. రైతుమీదనే మిగిలినపుడు ఒక కుటుంబము బ్రదుకు కూలును. నా యింటి దీపపు ధరలో రైతు నష్టము చేరలేదన్నచో, ఆ నష్టమును నాకు బదులుగా ఎవరో చెల్లించుచున్నారన్నమాట. ఇక రెండవ మాట: భూమి రైతు పేరనే యున్నది గనుక భూసేకరణకు ఇచ్చునంత ఈయనక్కరలేదందురు. నిజమే. 2013 నాటి భూసేకరణ చట్టము భూమిని పూర్తిగా తీసికొనునపుడు బజారు విలువకు కనీసము రెండింతలు, పల్లెలలో అంతకు మించియు ఇప్పించుచున్నది. తీగల విషయమున అంత అడుగుటలేదు. పోయినంత మేరకే అడుగుచున్నాము. కాని పోయినంత మేరకు పూర్తిగా అడుగుచున్నాము.

చదువుకొన్నవారలారా! ఈ హక్కులు శాసనగ్రంథములలో నున్నవి. అడగనిదే అమ్మయినను పెట్టదందురు, తెలియనిదే అడుగుటెట్లు? ఇక్కడనే మన పని మొదలగును. ఈ పఠనమందిరమున ఒక బల్లమీద ఒక పుస్తకము పెట్టుడు. మన మండలములో ఏ గ్రామముమీదుగా ఏ తీగ పోవుచున్నది, ఏ సంస్థ వేయుచున్నది, పని ఏ తేదీన మొదలైనది, ఏ రైతునకు ఎంత ఇచ్చినారు, మూడేండ్ల గడువు ఎన్నడు ముగియును అను అంకణములు గీయుడు. పత్రికలలో వచ్చు ప్రకటనలను కత్తిరించి అందులో అతికింపుడు. ఆదివారము నాడు ఒక గంటసేపు చదువు రానివారికి చదివి వినిపింపుడు. వకీళ్లమైన మేము వంతులవారీగా వచ్చి దరఖాస్తులు వ్రాసిపెట్టుదుము. స్త్రీలకు, షెడ్యూల్డు కులములవారికి, షెడ్యూల్డు తెగలవారికి, నిర్ణీతాదాయమునకు లోబడిన బీదలకు జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితముగా వకీలును ఇచ్చును. ఇది 1987 నాటి చట్టము వలన వచ్చిన హక్కు. ఆ సంస్థ గడప ఎక్కడ నున్నదో చూపుటయు సేవయే.

ఒంటరి రైతు కచ్చేరీకి పోయినచో రేపు రమ్మందురు. గ్రామములోని ఇరువది మంది రైతులు ఒకే అర్జీ, ఒకే లెక్క, ఒకే తేదీతో పోయినచో కూర్చుండుమందురు. బజారు ధర తేల్చు సంఘమునందు భూయజమానుల ప్రతినిధికి చోటున్నదని విన్నారు కదా! ఆ చోట అంకెలు తెలిసినవాడు కూర్చుండునా, తలయూచువాడు కూర్చుండునా యనునది ముందుగా గ్రామమున జరుగు చర్చనుబట్టి యుండును.

స్వరాజ్యమనగా పెద్దకొలువులలో మనవారు కూర్చుండుట మాత్రమే కాదు. లోకోపకారమునకై ఒకని సొత్తు వాడుకొనవలసివచ్చినపుడు వానిని పిలిచి, లెక్క చూపి, బాకీ తీర్చి, నమస్కరించి పంపగల మర్యాద స్వరాజ్యములో భాగము. 1885లో వ్రాసిన పూర్ణపరిహారమను మాట నేటికిని శాసనములో చెక్కుచెదరక యున్నది. దానిని కాగితముమీద నుండి చేనిగట్టుమీదికి తెచ్చు పని మనది. రేపటినుండి ఆ పుస్తకము తెరువబడునని ఆశించుచున్నాను.